నిరసన ప్రయోగశాల

వేములదిన్నె ప్రభుత్వ మహిళా డిగ్రీ కళాశాలలో ఆడపిల్లలు ఉద్యమం చేసి తీరాలని ఉత్తర్వు వచ్చిన రోజున ప్రిన్సిపాల్ డాక్టర్ వామనమూర్తి గారు ఎంతో సంతోషించారు. ఉద్యమాలంటే ఆయనకు ఒళ్ళుమంట. కానీ పైనుంచి వచ్చింది ఏదైనా ఆయనకు ప్రసాదమే. కిందటేడు, ఆవరణలో నలుగురి కంటే ఎక్కువమంది విద్యార్థినులు ఒకచోట గుమిగూడి మాట్లాడరాదని ఉత్తర్వు వస్తే, దానికీ ఇంతే సంతోషించి నోటీసు బోర్డుకు అంటించారు. కొత్త ఉత్తర్వును తీసుకెళ్ళి సరిగ్గా దాని పక్కనే అంటించారు. రెండూ అమల్లో ఉన్నాయి.

సంగతి ఏమిటంటే, ఆ ఏడు చరిత్ర విద్యార్థినులకు ‘అమెరికా చరిత్రలో మహిళా ఉద్యమాలు, సంఘ సంస్కరణ’ అని ఒక కొత్త పేపరు పెట్టారు. పేపరు పెట్టి ఊరుకుంటే పోయేది. కానీ ఉన్నత విద్య పెద్దలకు ఆ రోజుల్లో ‘అనుభవాత్మక అభ్యసనం’ అనే కొత్త పూనకం పట్టి ఉంది. పిల్లలు చదివింది మర్చిపోతున్నారు, చేసిందైతే మర్చిపోరు అన్నది దాని సారాంశం. కనుక వృక్షశాస్త్రం వాళ్ళు కాడలు కోసినట్టు, రసాయనశాస్త్రం వాళ్ళు ద్రావణాలు కలిపినట్టు, చరిత్ర వాళ్ళు ఆందోళన చెయ్యాలి. రాతపరీక్షకు యాభై మార్కులు, ఆందోళనకు యాభై.

స్టాఫ్ మీటింగులో ప్రిన్సిపాల్ గారు ఉత్తర్వును నిలబడి చదివారు.

“‘సదరు పేపరు నందు విద్యార్థినులు ప్రయోగపూర్వకముగా ఆందోళన చేయవలెను. అట్టి ఆందోళన శాంతియుతముగాను, క్రమశిక్షణాయుతముగాను, ఎవరికీ ఎట్టి ఇబ్బందీ కలగని రీతిలోను, ఎట్టి ఫలితమునూ ఆశించకుండగాను జరగవలెను.’ విన్నారా? ఎంత నిష్కామంగా రాశారో చూడండి. ఈ బాధ్యతను మన కరుణకుమారి గారికి అప్పగిస్తున్నాను. ఈ రోజు నుంచి ఆమె నిరసన ప్రయోగశాల ఇంచార్జి.”

అందరూ చప్పట్లు కొట్టారు. తమ మీద పడనందుకు కొట్టిన చప్పట్లు కనుక గట్టిగానే వినిపించాయి.

కరుణకుమారి ఆ కాలేజీలో చాలాకాలంగా కాంట్రాక్టు మీద చరిత్ర చెబుతోంది. ప్రతి ఏప్రిల్‌లో ఆమె ఉద్యోగం పోతుంది, జూన్‌లో ప్రిన్సిపాల్ గారు సంతకం పెడితే మళ్ళీ వస్తుంది. అందుచేత ఏప్రిల్ నుంచి జూన్ వరకు ఆమె భయపడుతుంది, మిగతా నెలల్లో ఆ భయానికి సిద్ధపడుతుంది. కానీ పాఠం మొదలుపెడితే మాత్రం ఆమె వేరే మనిషి. సారా అంగళ్ళ ముందు మంచులో మోకరిల్లి ప్రార్థనలు చేసిన ఆడవాళ్ళ గురించి, ఓటు కావాలని అధ్యక్షుడి ఇంటి ముందు నినాదాలు రాసిన పలకలు పట్టుకుని మాట్లాడకుండా నిలబడి జైలుకు పోయినవాళ్ళ గురించి, వాళ్ళంతా తన మేనత్తలూ పిన్నులూ అయినట్టు చెప్పేది. పిల్లలు నోట్సు రాసుకోవడం మానేసి వినేవాళ్ళు.

ఇప్పుడు ఆ కాలేజీ మరుగుదొడ్ల సంగతి చెప్పాలి. ఆ కాలేజీలో మరుగుదొడ్లు లేవనడం అన్యాయం. ఉన్నాయి. పాతవి కూల్చి, ఆ చోటనే కొత్తవి కట్టారు. గోడలకు తెల్లటి టైల్సు, నీళ్ళ ట్యాంకు, అద్దాలు, చేతులు కడుక్కునే చోట పూల బొమ్మలు. జిల్లాలోనే ఇంత చక్కటివి లేవని చూసినవాళ్ళు చెప్పేవారు. అయితే చూసినవాళ్ళు అంటే వాటిని కట్టిన మేస్త్రీలే. ఎందుకంటే వాటికి ప్రారంభోత్సవం కాలేదు. శిలాఫలకం మీద ‘గారి శుభహస్తములతో’ అనే మాట చెక్కి, ముందు పేరుకు చోటు వదిలి, పెద్దవాళ్ళ తేదీ కోసం మూడేళ్ళ నుంచి ఎదురుచూస్తున్నారు. తేదీ దొరికినప్పుడల్లా ఎన్నికలో, తుఫానో, పెద్దవారి వియ్యంకుల ఇంట్లో పెళ్ళో అడ్డం వచ్చేది. గుమ్మానికి కట్టిన ఎర్ర రిబ్బను ఎండకు వెలిసిపోతే మార్చేవారు. ఆ విషయంలో ప్రిన్సిపాల్ గారు ఎన్నడూ అశ్రద్ధ చెయ్యలేదు.

పనిచేస్తున్న గది మొత్తం కాలేజీకి ఒక్కటే, ప్రిన్సిపాల్ గారి గదికి ఆనుకుని ఉన్నది. ఆడ లెక్చరర్లు కావాలంటే ఆయన అనుమతి తీసుకుని వెళ్ళవచ్చు. అనుమతి అడగడం కంటే మానుకోవడమే నయమని అందరూ మానుకునేవారు. ఇక పిల్లలైతే పొద్దున టీ కూడా తాగకుండా బస్సెక్కేవాళ్ళు. భుజాన నీళ్ళ సీసాలు వేలాడేవి, సాయంత్రం అవి నిండుగానే ఇంటికి తిరిగి వెళ్ళేవి.

రమీజా వాళ్ళలో ఒకతె. పరుపులు కుట్టే మస్తాన్ కూతురు, ఆ ఇంట్లో కాలేజీ మొహం చూసిన మొదటి మనిషి. ఆగస్టులో ఆమెకు చలిజ్వరం పట్టుకుంటే ఆసుపత్రిలో చేర్చారు. ఇన్ఫెక్షను కిడ్నీ దాకా పోయిందనీ, నీళ్ళు బాగా తాగాలనీ, ఆపుకుని కూర్చోకూడదనీ డాక్టరమ్మ గట్టిగా చెప్పింది. తిరిగొచ్చిన రోజున రమీజా కరుణకుమారి దగ్గరికి వచ్చి నిలబడింది.

“మేడం, ఇంకోసారి జొరమొస్తే కాలేజీ మానుకోమన్నాడు మా నాన్న. చదువు లేకపోయినా బతుకుతావు గానీ కిడ్నీ పోతే బతకవు గదా అన్నాడు. ఆయనన్నదాంట్లో తప్పేముంది మేడం?”

తప్పేమీ కనిపించలేదు కరుణకుమారికి. అందుకే ఆమెకు ఆ రాత్రి అన్నం సహించలేదు.

*

ఆందోళన చెయ్యాలంటే ముందు సమస్య కావాలి. అందుకు ‘సమస్యల ఎంపిక సంఘం’ కూర్చుంది. ప్రిన్సిపాల్ గారు అధ్యక్షులు. ప్రపంచశాంతి అయితే ఎవరికీ నొప్పి ఉండదని ఆయన సూచించారు. అది కాకుంటే ఓజోన్ పొర. కానీ ఉత్తర్వుకు అనుబంధం ఒకటుంది. ‘సమస్య స్థానికమై, కంటికి కనబడునదై, కళాశాల ఆవరణ యందే లభ్యమగునదై ఉండవలెను’ అని అందులో ఉంది. ఓజోన్ పొర ఆవరణలో లభ్యం కాదు.

విద్యార్థినుల తరఫున వచ్చిన రమీజా లేచి నిలబడింది.

“బాత్రూముల తాళం ఉంది గదా సార్.”

ప్రిన్సిపాల్ గారి మొహం మొదట ఎర్రబడింది. మరుక్షణం ఆయన అనుబంధాన్ని మళ్ళీ చదువుకున్నారు. స్థానికం. కంటికి కనబడుతుంది. ఆవరణలోనే ఉంది. పైగా పైసా ఖర్చు లేదు.

“భేష్! తయారుగా ఉన్న సమస్య! ఇన్నాళ్ళూ మన దగ్గర ఇంత చక్కటి వనరు పెట్టుకుని గమనించనే లేదు.”

కరుణకుమారికి నెత్తిన పాలు పోసినట్టయింది. సర్కారు ఖర్చుతో, సర్కారు ఉత్తర్వుతో, పిల్లలు ఆ తాళం ముందే నిలబడి అడుగుతారు. ఇంక తియ్యక చస్తారా? బయటికి వచ్చాక రమీజా భుజం తట్టి, కొంచెం ఓపిక పట్టు, పరీక్షల లోపే తలుపులు తీస్తారు అని ధైర్యం చెప్పింది. పాపం, నిజంగానే నమ్మి చెప్పింది.

ప్రయోగాలు మొదలయ్యాయి. మొదటి ప్రయోగం తీర్మాన సభ. రెండోది ఊరేగింపు. అమెరికా ఆడవాళ్ళు రాజధాని నడివీధిలో ఊరేగారు గానీ, ఈ కాలేజీలో ఆడపిల్ల తండ్రి రాతపూర్వక అనుమతి లేకుండా గేటు దాటకూడదు. అందుకని స్త్రీ స్వేచ్ఛ కోసం గేటు దాకా నడిచి వెనక్కి తిరగడానికి కూడా, ఎందుకైనా మంచిదని, నాన్నల సంతకాలు తెప్పించారు.

“అమెరికాలో వాళ్ళు గూడా నాన్నల దగ్గర సంతకాలు తెచ్చుకున్నారా మేడం?” అని రమీజా అడిగింది.

“అడుగుతూ కూర్చుంటే ఊరేగింపు ఎక్కడ జరిగేది?” అంది కరుణకుమారి, తలుపు వైపు ఒకసారి చూసి.

మూడోది మౌనంగా నిలబడడం. అమెరికా ఆడవాళ్ళలాగే ఊదా, తెలుపు, పసుపు రంగుల పట్టీలు భుజం మీదుగా వేసుకుని, పలకలు పట్టుకుని, తాళం వేసిన మరుగుదొడ్ల ముందు పిల్లలు పూటంతా నిలబడాలి. నాలుగోది అరెస్టు. జీపుకు డీజిల్ లేదని స్టేషను వాళ్ళు రాలేమన్నారు, అందుచేత ఎన్.సి.సి. అమ్మాయిలే తోటి అమ్మాయిలను అరెస్టు చేసి లైబ్రరీలో ఉంచారు. అయిదోది నిరాహార దీక్ష, టిఫిను అయిన దగ్గర్నుంచి భోజనం గంట కొట్టేదాకా. అప్పటి జైళ్ళలో దీక్ష చేసినవాళ్ళ ముక్కుల్లోంచి గొట్టాలు పెట్టి బలవంతంగా తాగించారని పుస్తకంలో ఉంది. యథాతథంగా చెయ్యాలని ప్రిన్సిపాల్ గారు మెకానిక్ షాపు నుంచి గరాటు తెప్పించారు. కరుణకుమారి అడ్డం పడి బతిమాలితే చివరికి తలా ఒక అరటిపండుతో సరిపెట్టారు.

మార్కుల పద్ధతి కూడా పైనుంచే వచ్చింది. క్రమశిక్షణకు ఇరవై, నినాదంలో స్పష్టతకు పది, పలకపై చేతిరాతకు పది, ముఖంలో వేదనకు పది. కోరిక నెరవేరితే అయిదు మార్కులు తగ్గించాలి, ఎందుకంటే ఫలితం ఆశించకూడదు గదా.

నవంబరులో తనిఖీ బృందం వచ్చింది. ఆ పూట పిల్లలు మూడో ప్రయోగంలో ఉన్నారు. ఉదయం నుంచి నిలబడి ఉన్నారు, ఎదురుగా తాళం వేసిన తలుపులు, లోపల చుక్క చుక్కగా నీళ్ళు పడుతున్న చప్పుడు. ఒక్కరి మొహంలోనూ నెత్తురుచుక్క లేదు. బృందంవారు చలించిపోయి నివేదికలో ఇలా రాశారు. ‘విద్యార్థినుల ముఖములలో వేదన అత్యంత సహజముగా నున్నది. ఇట్టి సహజత్వము రాష్ట్రములో మరే కళాశాల యందునూ కానము. సదరు మరుగుదొడ్ల సముదాయమును శాశ్వత సమస్యా వనరుగా గుర్తించవలసినదిగా సిఫారసు చేయడమైనది.’

సిఫారసు వెంటనే ఆమోదం పొందింది. శుభకార్యాలకు దొరకని సంతకాలు దీనికి వారం తిరక్కుండా దొరికాయి. మరుగుదొడ్ల మీద కొత్త బోర్డు వెలిసింది. ‘నిరసన ప్రయోగశాల. పరికరములను తాకరాదు.’

*

కరుణకుమారి ధైర్యమంతా కూడగట్టుకుని ప్రిన్సిపాల్ గారి గదికి వెళ్ళింది.

“సార్, మన కాలేజీకి ఇంత పేరొచ్చింది. ఇప్పుడైనా ఆ తలుపులు తీయిస్తే పిల్లలు...”

వామనమూర్తి గారు ఆమెను జాలిగా చూశారు.

“కరుణకుమారి గారూ, మీరు బొత్తిగా ఆర్ట్స్ మనిషి. ప్రయోగశాల అంటే ఏమిటో మీకు బోధపడలేదు. ప్రాక్టికల్ అయిపోయింది గదా అని కెమిస్ట్రీ పిల్లలు ల్యాబులో సామాను ఇళ్ళకు పట్టుకుపోతారా? సమస్య అనేది మన పరికరం. దాన్ని పరిష్కరించేశామనుకోండి, వచ్చే ఏడాది పిల్లలు దేని మీద ఉద్యమించాలి? వాళ్ళ హక్కును వీళ్ళు అనుభవించేసినట్టు కాదూ?”

“రమీజా అనే అమ్మాయికి ఆరోగ్యం బాగాలేదు సార్. మళ్ళీ జ్వరం వస్తే చదువు మాన్పించేస్తారు.”

“త్యాగం లేనిదే సంస్కరణ లేదు. మీ పాఠంలోదే చెబుతున్నాను. అక్కడివాళ్ళు మొదటి సభ పెట్టిన దగ్గర్నుంచి ఓటు చేతికొచ్చేదాకా డెబ్బై రెండేళ్ళు ఓపిక పట్టారా లేదా? మనకింకా మూడేళ్ళే గదా అయింది.” ఆయన కాగితాలు సర్దుకుంటూ మామూలు గొంతుతో అన్నారు. “జూన్ ఎంతో దూరంలో లేదు. మీ ఫైలు నా దగ్గరే ఉంటుంది.”

ఆమె బయటికి వచ్చేసింది. తన మీద తనకే అసహ్యం వేసింది. ఓపిక పట్టమని ఆ పిల్లకు చెప్పింది తనే గదా.

జనవరిలో రమీజాకు మళ్ళీ జ్వరం వచ్చింది. తగ్గాక వచ్చి, వెనక బెంచీలో కూర్చుంది. ఫీజు కట్టేశారు కాబట్టి ప్రాక్టికల్ పరీక్షకు మాత్రం వస్తుందట, ఆ మర్నాటి నుంచి రాదట. ఆ మాట పక్కనున్న తిరుపతమ్మ చెప్పింది. రమీజా తల ఎత్తలేదు.

ఆ రోజు పాఠం ఓటు హక్కు వచ్చిన ఏడాది గురించి. కరుణకుమారి పుస్తకం తెరిచి, మళ్ళీ మూసేసింది.

“డెబ్బై రెండేళ్ళు ఓపిక పట్టారని ఎవరైనా చెబితే నమ్మకండి. ఓపిక పట్టలేదు. ఒక్క రోజు కూడా ఊరుకోలేదు. అడిగారు, తిట్టించుకున్నారు, మళ్ళీ అడిగారు. మొదటి సభలో సంతకం పెట్టిన ఆడవాళ్ళలో ఓటు వచ్చేనాటికి బతికి ఉన్నది ఒక్కతే. సంతకం పెట్టినప్పుడు ఆమెకు మీ వయసు. ఓటు వేసే రోజున మంచం పట్టి ఉంది. వెయ్యలేకపోయింది.”

“అంటే, ఆమెకి అందనే లేదా మేడం?” వెనక బెంచీ నుంచి రమీజా అడిగింది.

“అందలేదు.”

కరుణకుమారి గంట కొట్టకముందే క్లాసు వదిలేసింది.

*

ప్రాక్టికల్ పరీక్షకు రాజధాని నుంచి ఉన్నత విద్య స్పెషలాఫీసరు గారు స్వయంగా విచ్చేశారు. అనుభవాత్మక అభ్యసనం అనే పూనకం మొదట పట్టింది ఆయనకే. కాస్త షుగరున్న పెద్దమనిషి. దారిలో రెండు కొబ్బరిబోండాలు, గేటు దగ్గర మజ్జిగ, గదిలో టీ, వేదిక మీద మళ్ళీ ఇంకో కొబ్బరిబోండాం పుచ్చుకుని, మహిళా చైతన్యం గురించి మాట్లాడసాగారు. షామియానా కింద వరసలో రంగుల పట్టీలతో కాలేజీ పిల్లలంతా నిలబడ్డారు. పరీక్ష చరిత్ర వాళ్ళదే అయినా, ఫోటోకు నిండుగా ఉండాలని ప్రిన్సిపాల్ గారు మిగతా తరగతులను కూడా నిలబెట్టించారు.

“...కావున సోదరీమణులారా, నిరసన అనునది మన సంస్కృతిలో అంతర్భాగము. అయితే అది టైంటేబుల్ ప్రకారము జరగవలెను. ఇక పరీక్ష ప్రారంభించండి.”

అటెండరు బ్రహ్మయ్య గంట కొట్టాడు.

రమీజా తన పలకను నేల మీద పెట్టింది. పట్టీ తీసి మడిచి దాని మీద పెట్టింది. ప్రిన్సిపాల్ గారి గది వైపు నడిచింది. ఆమె వెనక తిరుపతమ్మ, ఆ వెనక ఇంకొకతె. చూస్తూ ఉండగానే షామియానా ఖాళీ అయింది. ప్రిన్సిపాల్ గారి గది నుంచి వరండా మీదుగా మెట్లు దిగి, సైకిల్ స్టాండు దాటి, గేటు దాకా ఒకే వరస. నినాదం లేదు, పలక లేదు. మాట్లాడుకోవడం కూడా లేదు.

వామనమూర్తి గారు పరుగెత్తుకొచ్చారు.

“ఏమిటిది? ఎన్నో ప్రయోగం ఇది?”

“ప్రయోగం కాదు సార్, బాత్రూముకి,” అంది తిరుపతమ్మ. రమీజా అప్పటికే లోపలికి వెళ్ళి గడియ వేసుకుంది.

ఆయన ఉత్తర్వంతా తిరగేశారు. బాత్రూముకు వెళ్ళరాదని ఎక్కడా లేదు. నోటీసు బోర్డు దగ్గరికి వెళ్ళి పాత ఉత్తర్వు చూశారు. గుమిగూడి మాట్లాడరాదని ఉంది. వాళ్ళు మాట్లాడడం లేదు. ఆయన కరుణకుమారి వైపు తిరిగారు.

“చెప్పండి వాళ్ళకి! మీ పిల్లలే గదా! జూన్ గుర్తుందా మీకు?”

కరుణకుమారికి గుర్తుంది. అయినా ఆమె నోరు తెరవలేదు. మౌనంగా నిలబడడం ఎలాగో పిల్లలకు ఏడాదంతా నేర్పింది తనే.

సరిగ్గా అప్పుడు వేదిక మీద నుంచి స్పెషలాఫీసరు గారు దిగి, నడకకూ పరుగుకూ మధ్యగా వచ్చారు.

“ప్రిన్సిపాల్ గారూ, మీ రూములో అటాచ్డ్ ఉందన్నారు...”

ఆయన వరసను చూశారు. వరస కూడా ఆయనను చూసింది.

“వరస చివరికి వెళ్ళండి సార్, గేటు దగ్గరికి,” అని తిరుపతమ్మ మర్యాదగానే చెప్పింది. తలుపు ఎవరో తట్టారు. “కాసేపు ఆగండి,” అంది లోపల్నుంచి రమీజా గొంతు. ఆ గొంతులో తొందర ఏమాత్రం లేదు.

“ఇంకెక్కడా లేవా?” స్పెషలాఫీసరు గారి నుదుటి మీద చెమట పట్టింది.

“లేకేం సార్, బ్రహ్మాండమైనవి ఉన్నాయి. కానీ ప్రారంభోత్సవం జరగలేదు. తమబోటి పెద్దల శుభహస్తాలతో ఒక మంచి తేదీ చూసి...”

“ఇవాళే మంచి తేదీ! నడవండి!”

తాళంచెవి తిరగలేదు. తుప్పు పట్టింది. బ్రహ్మయ్య రాయి తెచ్చి రెండు దెబ్బలు వేశాడు. కత్తెర తెప్పించే లోపే స్పెషలాఫీసరు గారు రిబ్బనును పొట్టతో తెంపుకుని లోపలికి దూసుకుపోయారు. ప్రిన్సిపాల్ గారు అలవాటు కొద్దీ చప్పట్లు కొట్టారు. స్పెషలాఫీసరు గారివి ఎన్నో ప్రారంభోత్సవాలు చేసిన చేతులు గానీ, ప్రారంభించిన వస్తువు పనిచేస్తుందో లేదో ఆయన స్వయంగా చూసుకున్నది అదే మొదటిసారి. కాసేపటికి ప్రశాంతమైన మొహంతో బయటికి వచ్చి, చేతులు తుడుచుకుంటూ, “నీళ్ళు బాగా వస్తున్నాయి,” అన్నారు.

అప్పటికి వరస దిశ మారింది. ఆయన పక్కకు తప్పుకోగానే పిల్లలు లోపలికి నడిచారు. ఎవరికీ ప్రసంగం చేసే అవకాశం దొరకలేదు.

*

మర్నాడు ప్రిన్సిపాల్ గారు మార్కుల జాబితా కరుణకుమారి ముందు పెట్టారు. ఆయన రాత్రంతా ఆలోచించి తేలికపడ్డారు.

“నిన్నటిది ఆరో ప్రయోగం. ‘నవకల్పనాత్మక మౌన వరస’ అని పేరు పెట్టాను. స్పెషలాఫీసరు గారికీ గౌరవంగా ఉంటుంది. అందరికీ యాభైకి యాభై వెయ్యండి. మీ ఫైలు మీద నేను ఇప్పుడే సంతకం పెడతాను.”

కరుణకుమారి జాబితా తీసుకుని క్లాసుకు వెళ్ళింది. పిల్లలకు మంచిదే గదా అనుకుంది. తనకూ మంచిదే. ఆ మాటే వాళ్ళకు చెప్పింది.

రమీజా వచ్చింది ఆ రోజు. పొద్దున్నే తండ్రి కూడా వెంట వచ్చి, తలుపులు తీసి ఉన్నాయో లేదో తన కళ్ళతో చూసి వెళ్ళాడట. ఆమె ముందు బెంచీలో లేచి నిలబడింది.

“వద్దు మేడం. ప్రయోగమని రాస్తే సామాను మళ్ళీ ల్యాబుకు పోయిద్ది. వచ్చే ఏడు పిల్లల కోసం తాళమేస్తారు. అయినా అది ప్రాక్టికల్ కాదు మేడం. మాకు నిజంగానే వచ్చింది.”

క్లాసంతా గొల్లుమంది. కరుణకుమారి కూడా నవ్వింది, నవ్వుతూనే కళ్ళు తుడుచుకుంది. కలం తీసి, ఒక్కొక్క పేరుకూ ఎదురుగా ‘గైర్హాజరు’ అని రాసింది. అక్షరాలు స్పష్టంగానే పడ్డాయి.

గైర్హాజరైన వాళ్ళ విషయంలో ఏం చెయ్యాలో పైవాళ్ళకు బాగా తెలుసు. పదిరోజుల్లో ఉత్తర్వు దిగింది. ‘విద్యార్థినులందరూ ప్రయోగ పరీక్షకు గైర్హాజరైనందున సప్లిమెంటరీ పరీక్ష నిర్వహించవలెను. సదరు పరీక్ష నిమిత్తము సమస్యను యథాపూర్వ స్థితికి పునరుద్ధరించవలెను. ప్రయోగశాలకు తాళము వేయు కార్యక్రమము పనివేళలలో, ఇంచార్జి లెక్చరరు సమక్షములో మాత్రమే జరగవలెను.’

బ్రహ్మయ్య కొత్త తాళం పట్టుకుని వెళ్ళి గుమ్మం బయట నిలబడ్డాడు.

“లోపల ఎవరన్నా ఉన్నారా తల్లీ?”

“ఉన్నాం బాబాయ్!” అని లోపల్నుంచి నలుగురైదుగురు పలికారు.

గంట తర్వాత అడిగాడు. ఉన్నారు. భోజనాల వేళకు అడిగాడు, అప్పుడూ ఉన్నారు. తెలుగు క్లాసువాళ్ళు బయటికొస్తే లెక్కలవాళ్ళు లోపలికి వెళుతున్నారు. మనుషులుండగా తాళం వెయ్యవచ్చునా అని ప్రిన్సిపాల్ గారు రాసి అడిగితే, పరిశీలనలో ఉన్నదని జవాబొచ్చింది. ఆయన ఇక ఆగలేక, నాలుగు రోజులు చూసి, తానే వచ్చారు.

“ముందు ఇంచార్జిని పిలు. ఆమె సమక్షంలో తలుపు దగ్గరికి వేసేద్దాం. కరుణకుమారి గారెక్కడ?”

“చాలాసేపట్నుంచి కనపడటల్లేదండి,” అన్నాడు బ్రహ్మయ్య, నేల చూపులు చూస్తూ.

లోపల నీళ్ళ చప్పుడు, నవ్వులు. గుమ్మం మీద ప్రయోగశాల బోర్డు కింద ‘స్త్రీలు’ అని కూడా ఉంది కనుక వామనమూర్తి గారు అక్కడే ఆగి గొంతు పెంచారు.

“కరుణకుమారి గారూ! లోపలున్నారా? ఉత్తర్వు అమలు చెయ్యాలి, వెంటనే బయటికి రండి!”

నవ్వులు ఆగిపోయాయి. తర్వాత కరుణకుమారి గొంతు, క్లాసులో వినిపించే గొంతే, బయటికి వచ్చింది.

“వస్తాను సార్. లైన్లో ఉన్నాను. నా వంతు ఇంకా రాలేదు.”